గోటి కింద ఇరుక్కున్న బోర్డు

మా మేనత్తని ఊళ్ళో అసలు పేరుతో పిలిచినవాళ్ళు లేరు. అందరికీ ఆకురాయక్క. మున్సిపాలిటీ గోరు విభాగంలో ముప్పై ఒక్క ఏళ్ళు పనిచేసింది.

తొమ్మిది లోకాలనీ అరచేతుల్లో పట్టుకుని నిలబడ్డ మోపరి బొటనవేలు మా ఊరి చివర, బస్సు డిపో వెనక, నేల్లోంచి పైకి లేచి ఉంటుంది. మూడంతస్తుల ఎత్తు. మోపరి ముఖం ఎవరూ చూడలేదు, మాకు దక్కింది ఆ వేలే. దాని గోరు ఏడాదికి జానెడు పెరుగుతుంది. వదిలేస్తే డిపో గోడ కూలుతుంది. అందుకని పరంజా కట్టి, ముగ్గురు పనివాళ్ళు రోజూ ఆకురాళ్ళతో అరగదీస్తారు. ఏడాదికోసారి ఆ వేలు నేల్లోకి దిగిపోయి, పక్కలోకాన్ని కాస్త సర్ది, గంటలోపే మళ్ళీ పైకొస్తుంది. ముందురోజు గోరు వెచ్చబడుతుంది కాబట్టి మాకు తెలుస్తుంది. సైరన్ వేసి అందరినీ దించేస్తారు.

అత్తయ్య సాయంత్రం ఇంటికొచ్చేసరికి కనుబొమ్మల దాకా తెల్లటి పొడి. మామయ్య దర్జీ. కుట్టిన బట్టల మీద ఆ పొడి పడుతుందని ఆయన గోల.

"లోకాలు మోసేవాడి గోటి పొడి, పడితే పడిందిలెండి," అనేది.

"ఎవరిదైతేనేం, బయట దులుపుకుని రా."

అత్తయ్యకి నలభై ఆరేళ్ళప్పుడు, వేలు ఒకసారి అలా వెళ్ళొచ్చిన మర్నాటి నుంచి నేల వణకడం మొదలైంది. అలమరలో గిన్నెలు గలగలలాడేవి. మామయ్య కుట్టు వంకర పోయేది. మోపరి అలిసిపోయాడనీ, మనల్ని వదిలేస్తాడనీ జనం చెప్పుకున్నారు. కొందరు మూటలు కట్టారు గానీ, ఎక్కడికి వెళ్ళాలో తోచక మళ్ళీ విప్పుకున్నారు.

గోరు బరువెక్కిందనీ, సగానికి కోసెయ్యాలనీ ఇంజనీరు తేల్చాడు. అత్తయ్య ఆయన దగ్గరికి వెళ్ళింది.

"అయ్యా, అలిసిపోతే చెయ్యి మొత్తం కిందికి జారాలి. ఇది వేలొక్కటే ఉలిక్కిపడుతోంది. మా ఆయనకి సూది గుచ్చుకుంటే వేలు ఇలాగే అదురుతుంది."

"దర్జీ వేలూ ఇదీ ఒకటేనా అమ్మా?"

"వేలు వేలే కదయ్యా."

ఇంజనీరు చెడ్డవాడు కాదు. మధ్యాహ్నం దాకా గడువిచ్చాడు.

అత్తయ్య టార్చిలైటు పట్టుకుని, బోర్లా పడుకుని, గోటి కిందికి పాకింది. అంతకుముందు ఎవరూ దూరని చోటు. ఆరడుగులు లోపల ఒక కొయ్య చర్మంలో దిగి ఉంది. చుట్టూ ఎర్రగా వాచిపోయింది. భయమేసిందా అని తర్వాత అడిగితే, "జాలేసింది. పాపం, ఆయన తీసుకోడానికి రెండో చెయ్యి ఖాళీ లేదుగా," అంది.

కబురు వెళ్ళగానే మామయ్య మిషన్ నూనె డబ్బా తీసుకుని వచ్చాడు. నిచ్చెనెక్కితేనే కళ్ళు తిరిగే మనిషి, ఆ రోజు కిందికి చూడకుండా పరంజా ఎక్కాడు. కొయ్య చుట్టూ నూనె పోసి, తాడు కట్టి, నలుగురూ లాగారు. పరంజా ఊగింది. మామయ్య కళ్ళు మూసుకునే లాగాడు. కొయ్య ఊడి వచ్చింది. వేలు ఒకసారి ముడుచుకుని, నెమ్మదిగా చాపుకుంది. మళ్ళీ వణకలేదు.

కొయ్య చివర బోర్డు ఉంది. దాని మీద రాత ఎవరికీ అర్థం కాలేదు గానీ, కింద బొమ్మ మాత్రం స్పష్టంగా ఉంది: ఒక కత్తెర, ఒక సూది.

"పక్కలోకంలో దర్జీ కొట్టు. వేలు తగిలి కూలినట్టుంది," అన్నాడు మామయ్య. ఆ పూట అన్నం సరిగ్గా తినలేదు.

బోర్డుని ఆఫీసులో అద్దాల పెట్టెలో పెడతామన్నారు. మామయ్య ఎప్పుడూ ఆఫీసు గడప తొక్కనివాడు, వెళ్ళి ఇంజనీరు ఎదురుగా కూర్చున్నాడు.

"బోర్డు లేకపోతే ఆ మనిషి దగ్గరికి జనం ఎలా వస్తారు సార్? వస్తువు ఆయనది. పంపించేద్దాం."

ఇంజనీరు సరేనన్నాడు.

మరుసటి ఏడాది గోరు వెచ్చబడ్డప్పుడు అత్తయ్య బోర్డుని గోటి మీద పడుకోబెట్టి తాడుతో బిగించింది. దాంతోపాటు మామయ్య ఒక కత్తెర, సూదుల పొట్లం, నాలుగు దారపుండలు మూటగట్టి ఇచ్చాడు. సైరన్ మోగింది. వేలు దిగింది. అత్తయ్య డిపో మెట్ల మీద కూర్చుంది. పక్కన మామయ్య.

వేలు తిరిగొచ్చాక చూస్తే తాడు తెగలేదు. ముడి విప్పి, చక్కగా చుట్టి ఉంది. మధ్యలో జేబురుమాలంత గుడ్డ, దాని మీద వరసగా కుట్టిన ఏడు బొత్తాం కాజాలు. మామయ్య దాన్ని వెలుతురులో పెట్టి అటూ ఇటూ తిప్పాడు.

"ఈ కుట్టు నాకు రాదే," అన్నాడు.

నేర్చుకోడానికి ఆయనకి నెల పట్టింది. అత్తయ్య మరో పన్నెండేళ్ళు పరంజా ఎక్కింది. వేలు వెళ్ళొచ్చిన ప్రతిసారీ టార్చి పట్టుకుని గోటి కిందికి పాకి చూసొచ్చేది. ఆమె రిటైరయ్యాక ఆఫీసువాళ్ళు దాన్ని రూలుగా పెట్టారు.