నేను పాడితే గోడలు దగ్గరకొస్తాయి

సైనిక్‌పురిలో మా వీధి చివర పాటలు నేర్పే టీచరమ్మ ఉన్నారు. సాయంత్రం పూట ఆడవాళ్లం కొందరం ఆవిడ ముందుగదిలో చేరి భజనలు పాడుకుంటాం. అందరి గొంతులూ శ్రుతిలో కలిస్తే ఆ గది పెద్దదవుతుంది. కూర్చున్నప్పుడు ఒకరి మోకాలు ఒకరికి తగులుతుంది. రెండో చరణానికల్లా కాళ్లు చాపుకునేంత చోటొస్తుంది. ఎంతసేపు పాడినా కిటికీలో ఎండ కదలదు. పొయ్యి మీద పప్పు పెట్టి వచ్చినవాళ్లు కూడా నిశ్చింతగా పాడతారు. మా వీధికి ఇది వింతేమీ కాదు. మంచి గొంతున్న ఇళ్లలో అలాగే అవుతుందంటారు.

నేను గొంతు కలిపితే మాత్రం అంతా తలకిందులు. గోడలు దగ్గరకొస్తాయి, గంట గుక్కెడు నీళ్లు తాగినంతలో అయిపోతుంది. చేరిన కొత్తలో ఇది ఎవరివల్ల జరుగుతోందో తెలియక, టీచరమ్మ ఒక్కొక్కరి చేతా విడిగా పాడించారు. నేను పల్లవి పూర్తి చేసేలోపే పక్కావిడ భుజం గోడకు రాసుకుంది, వీధిలో దీపాలు వెలిగాయి. ఎవరూ నవ్వలేదు. నవ్వేసినా బాగుండేది.

"మీరు తాళం వేయండమ్మా. అదీ సంగీతమే," అన్నారు టీచరమ్మ మెత్తగా.

మనవడున్న వయసులో చిన్నపిల్లలా చెవులు వేడెక్కాయి. ఇంట్లో మాత్రం బాగా పాడుతున్నాననే చెప్పాను. అప్పట్నుంచి తాళం వేస్తూ పెదాలు కదుపుతున్నాను, అంతే.

మా పక్కింటావిడ కూడా ఆ భజనకు వస్తుంది. మోండా మార్కెట్లో మొగుడూ పెళ్లాలది స్టీలు సామాన్ల దుకాణం. ఈ మధ్య వాళ్లాయనకు గుండె ఆపరేషన్ చేయాల్సి వస్తే తోడుగా నేనూ ఆస్పత్రికి వెళ్లాను. మధ్యాహ్నం ఆయన్ను లోపలికి తీసుకెళ్లారు. వరండాలో కుర్చీల నిండా జనం. ఆమె కూర్చోనూ లేకపోయింది, నిలబడనూ లేకపోయింది.

"అక్కా, నాతోని అయితలేదు. నువ్వు పాడితే పొద్దు జల్ది పోతది గద. జెర పాడవా?"

"నా గొంతా? వద్దమ్మా, ఇంతమంది ఉన్నారు."

"గీ ఒక్కపారి. నీ కాళ్లు మొక్కుత."

నా గొంతు కావాలని అడిగినవాళ్లు ఎవరూ లేరు అంతకుముందు. సిగ్గుపడుతూనే ఆమె చెవి దగ్గర మా అమ్మ పాడే జోలపాట ఎత్తుకున్నాను. వరండా కుంచించుకుపోయింది. ఆ చివరనున్న ఆపరేషన్ గది తలుపు మా ముందుకొచ్చింది. నేలమీది ఎండ గోడెక్కి మాయమైంది. పాట ఆగేసరికి డాక్టరు మాస్కు తీస్తూ ఎదురుగా ఉన్నాడు.

"అంతా బాగా జరిగిందమ్మా."

ఆమె నన్ను గట్టిగా వాటేసుకుని ఏడ్చింది, తర్వాత ఆయన్ను చూడటానికి నర్సు వెంట పరుగెత్తింది. నాకూ కళ్లు నిండాయి. గర్వపడ్డాను కూడా.

అప్పుడు లిఫ్టు దగ్గర మాటలు వినిపించాయి. టిఫిన్ డబ్బా పట్టుకున్న ఒక అమ్మాయి సెక్యూరిటీ అతన్ని బతిమాలుతోంది.

"ఇప్పుడే వచ్చి కూసున్నన్నా. నాయినను చూసుడు టైమ్ గప్పుడే ఎట్లయిపోతది?"

"అయిపోయిందమ్మా, గడియారం చూడు. రేపు రా."

"రేపంటే మల్ల జనగామ నుంచి బస్సెక్కాలె. గీడనే కూసున్న, కన్నంటుకున్నట్టుంది," అంటూ తన తలమీద తనే కొట్టుకుంది.

నా పాట మా ఇద్దరికే వినపడిందనుకున్నాను. ఆ వరండాలో కూర్చున్న అందరి మధ్యాహ్నాన్నీ లాగేశానని అప్పుడు తెలిసింది. దగ్గరికి వెళ్లి, "నువ్వు నిద్రపోలేదమ్మా. నేను పాడటం వల్ల అలా అయింది," అన్నాను.

ఆ అమ్మాయి నన్ను జాలిగా చూసింది. "మీరేం జేసిన్రమ్మా? నిద్ర నాకొచ్చింది."

ఎలా చెప్పినా నమ్మలేదు. సెక్యూరిటీ అతన్ని అడిగాను, కసిరాడు. నర్సును పట్టుకుని, నేనే ఆ అమ్మాయిని మాటల్లో పెట్టి ఆలస్యం చేశానని చెప్పి, చేతులు జోడించాను. అందరూ చూస్తున్నారు. చివరికి నర్సు విసుక్కుంటూ, "రెండు మాటలు మాట్లాడి వచ్చేయాలి," అని ఆమెను లోపలికి పంపింది.

ఆమె నిజంగానే రెండు మాటలకే బయటికి వచ్చింది. డబ్బాలో ఒలిచిన బత్తాయి తొనలు అలాగే ఉన్నాయి.

"నాయిన తినలే. నన్ను జూసి నవ్విండు, గంతే. మీరు లేకుంటే గా నవ్వు సుత దొరకకపోవు," అంటూ డబ్బా నా ముందు పెట్టింది. "పొద్దటి సంది మీరేమన్న తిన్నరా? తినుండ్రి."

వద్దనే హక్కు నాకెక్కడుంది? ఒక తొన తీసి నోట్లో పెట్టుకున్నాను. ఆమె నా చేయి నొక్కి మెట్లు దిగి వెళ్లిపోయింది.

కొన్నాళ్లకు పక్కింటావిడ భజనలో ఈ ఆపరేషన్ కథంతా చెప్పి, "అక్క గొంతు బంగారం," అంది. అందరూ చప్పట్లు కొట్టారు. కోడలి పురిటికి వచ్చి పాడమని ఒకావిడ అప్పుడే అడిగింది కూడా. నేను చాప అంచు చూస్తూ కూర్చున్నాను.

"ఏందక్కా, గట్ల మొఖం బెట్టినవ్?" అంది పక్కింటావిడ.

గొంతు బాగాలేదన్నాను.