టాంక్రెడ్ చేపలమ్మి

ఆ ఏడు అక్టోబరు నాటికి క్రుక్‌షాంక్ వాళ్ల కోళ్లగూడు కప్పు మీద పన్నెండు ఉప్పుచేపలు ఉండేవి. ఎండడానికి ఆరబెట్టినవి కావు, మేకులు కొట్టి బిగించినవి. గాలికి పైచెక్కలు ఎగిరిపోయిన చోటల్లా ఒక్కో చేపను పరిచి కొట్టాడు ముసలి క్రుక్‌షాంక్. కారదా అని ఎవరో అడిగితే, "వాన పడితే కదయ్యా కారేది!" అన్నాడు. కెనడా మధ్యలో ఉన్న మా సస్కాచెవాన్ రాష్ట్రంలో వరసగా అయిదో కరువు మరి. 

ఆ చేపలు తూర్పు సముద్రం నుంచి వచ్చాయి. మా గోధుమ చేలు దుమ్మై ఎగిరిపోతున్నాయని విని, అక్కడి జనం జాలిపడి రైలు పెట్టెల నిండా పంపారు. రాష్ట్ర ప్రభుత్వం వాటిని ఊరూరికీ పంచింది. ఇచ్చే చెయ్యి మంచిదే, తీసుకున్న చేతికే ఏం చెయ్యాలో తెలియలేదు. మా వాళ్లకు తెలిసిన ఉప్పు మాంసమల్లా పంది తొడ ఒక్కటే. దాన్ని ఉడకేసినట్టే చేపనూ కుండలో పడేసి ఉడికించారు. నోట్లో పెట్టుకున్నవాడు పెట్టుకున్నట్టే ఉమ్మేశాడు. గొట్లీబ్ షాట్జ్ అయితే రెండు చేపలను అడుగు కొలతకు కోసి బూట్లకు అట్టలుగా వేసుకున్నాడు. నడవడానికి బాగానే ఉన్నాయట, ఊళ్లో పిల్లులన్నీ వెంటపడటం తప్ప.

ఊరంతా నవ్వింది. కడుపు నిండా నవ్వడానికి మాకు ఆ ఏడు దొరికింది అదొక్కటే. నవ్వనిది లావీనియా టెంపుల్టన్ ఒక్కతే.

ఆమెకు ఆ చేప సంగతి తెలుసు. తెలుసంటే మామూలుగా కాదు, పుట్టుకతో తెలుసు. ఆ తూర్పు సముద్రం ఒడ్డునే, నోవా స్కోషియాలోని లూనెన్‌బర్గ్‌లో పుట్టిందామె. తండ్రి రేవులో చేపల పొట్టలు చీల్చే కూలి. ఎనిమిదో ఏటి నుంచి ఆమె పందిళ్ల దగ్గర నిలబడి, ఆరబెట్టిన చేపను పొద్దున ఒక పక్కకు, మధ్యాహ్నం ఇంకో పక్కకు తిరగేసేది. మబ్బు కనిపిస్తే పరుగెత్తి అన్నిటినీ కుప్పేసేది. పెద్ద యుద్ధం ముగిశాక ఓడ దిగిన సిపాయి ఓర్విల్ టెంపుల్టన్ ఆమెను చూసి, పెళ్లాడి, రైలెక్కించి మా టాంక్రెడ్‌కు తీసుకొచ్చాడు. స్టేషన్‌లో కొత్త కోడలిని చూడటానికి వచ్చిన మిసెస్ క్రుక్‌షాంక్ ముక్కు ఎగబీల్చి, "ఏమిటే ఈ సముద్రం వాసన! మన ఓర్విల్ చేపలమ్మిని తెచ్చుకున్నాడర్రా!" అంది. అందరూ గొల్లుమన్నారు. లావీనియా తల పైకెత్తి, "మా నాన్న ఓడకు కెప్టెను" అంది.

ఆ ఒక్క అబద్ధం పదిహేనేళ్లు ఆమె నోటికి కుట్టు వేసింది. చేప మాటెత్తితే ఎక్కడ గుట్టు బయటపడుతుందోనని, తలుపులు మూసుకుని, తన వాటా చేపను తనే నానబెట్టి వండుకునేది. ఓర్విల్ రెండోసారి వడ్డించుకుంటూ, "అందరికీ చెప్పకూడదుటే?" అనేవాడు. "అడిగితే చెప్తాను" అనేది. ఎవరూ అడగలేదు. ఆమెకు హాయిగానే ఉండేది.

ఆ హాయి సెప్టెంబరు దాకానే సాగింది. సహాయం ఎవరికి అవసరమో రాసుకోవడానికి రాజధాని రెజీనా నుంచి ఒక ఇన్‌స్పెక్టరు వచ్చాడు. కారు దిగాడు, క్రుక్‌షాంక్ వాళ్ల కప్పు చూశాడు, గొట్లీబ్ బూట్లు చూశాడు, నోటుబుక్కు తీశాడు. దేవుడు వరమిచ్చినా పూజారి వరమియ్యడంటారే, ఆ పూజారి ఈయనే. పది రోజులకు పంచాయతీ ఆఫీసుకు ఉత్తరం వచ్చింది. తిండిని కప్పులకు మేకులేసి కొట్టే ప్రాంతానికి సహాయం అక్కర్లేదు కనుక, నవంబరు ఒకటి నుంచి టాంక్రెడ్‌కు సహాయంగా ఇస్తున్న పిండి, బొగ్గు ఆపేస్తున్నారు.

మా చలికాలంలో బొగ్గు లేదంటే ఏమిటో వేరే చెప్పాలా? నూట ఎనభై మంది. పొయ్యిలో వెయ్యడానికి కంచె గుంజలు కూడా మిగలని ఊరు. ఉత్తరం విన్న లావీనియా ఇంటికొచ్చి, తిరగేసిన కంచాల ముందు కూర్చుంది. దుమ్ము పడకుండా మేమంతా కంచాలు బోర్లించే పెట్టుకునేవాళ్లం, వడ్డించేటప్పుడే తిప్పేవాళ్లం. ఆ పూట ఆమె కంచం తిప్పలేదు. తను మొదటి రోజే నోరు విప్పి ఉంటే కప్పు మీద చేప ఉండేది కాదు. సిగ్గుతో ఆమె ఒళ్లంతా మండింది.

ఊరికి ఒక్కటే దారి మిగిలింది. ప్రీమియరు గారు, అంటే రాష్ట్రానికి పెద్ద దిక్కు, అక్టోబరు రెండో శనివారం మా చర్చి కోళ్ల విందుకు వస్తానని వేసవిలోనే మాటిచ్చాడు. కోతలయ్యాక ప్రతి ఊరి చర్చిలోనూ ఆ విందు ఉంటుంది. ఇంటికో వంటకం చొప్పున తెచ్చి బారుగా బల్లలు పరుస్తారు. ఏం లాభం, ఆ ఏడు కోతలూ లేవు, కోళ్లూ లేవు. గింజల్లేక కోళ్లన్నిటినీ జూలైలోనే తినేశాం.

చర్చి నేలమాళిగలో ఆడవాళ్ల మీటింగు పెట్టారు. అధ్యక్షురాలు మిసెస్ క్రుక్‌షాంక్.

"రావద్దని తంతి కొడదాం. ఖాళీ బల్లల ముందు ప్రీమియర్ని కూర్చోబెట్టడం కంటే నయం" అంది ఆవిడ.

"రాకపోతే అడిగేదెవర్నమ్మా?" అంది గొట్లీబ్ భార్య ఒటీలియా. "అడగందే అమ్మైనా పెట్టదు."

"అడగడానికి ముందు పెట్టడానికేముందే మన దగ్గర? నీ మొగుడి బూట్లా?"

నవ్వులు సద్దుమణిగే లోపు లావీనియా లేచి నిలబడింది. 

"చేప పెడదాం" అంది. "నేను వండుతాను. ఈ చేపను ఉడకెయ్యకూడదు, ముందు నానబెట్టాలి. మూడుసార్లు నీళ్లు మార్చాలి. నాకెలా తెలుసంటే... మా నాన్న కెప్టెను కాదు. రేవులో చేపలు చీల్చే కూలి. నేను ఎనిమిదేళ్లప్పటి నుంచి ఈ చేపలే తిరగేశాను. మొదటి రోజే చెప్పాల్సింది. సిగ్గుపడి చెప్పలేదు. మనకు పిండి ఆగిందంటే సగం పాపం నాది."

 మిసెస్ క్రుక్‌షాంక్ ఆమెను ఎగాదిగా చూసింది.

"అంటే నేను మొదటి రోజే సరిగ్గా పసిగట్టానన్న మాట!"

"పసిగట్టారు. మీ ముక్కు గొప్పదే. ఇప్పుడు ఆ ముక్కుతో కాస్త నీళ్లు ఎక్కడున్నాయో కూడా పసిగట్టి పెట్టండి. నాకు పద్నాలుగు పాల క్యాన్ల నీళ్లు కావాలి."

 ఊరికి పనికొచ్చే బావి నాలుగు మైళ్ల అవతల షాట్జ్ వాళ్ల పొలంలో ఒక్కటే మిగిలింది. అందులోనూ ఇంటికి రోజుకు రెండు బకెట్లే. ఆ రెండింటిలోనే తాగాలి, వండాలి, ఆవుకు పెట్టాలి. పైగా చేప నానిన నీళ్లు ఉప్పెక్కుతాయి, ఆవు కూడా ముట్టదు. పారబొయ్యాల్సిందే.

"పద్నాలుగు క్యాన్లు పారబోస్తావా?" అంది ఎవరో వెనక నుంచి, గుండె పట్టుకున్నట్టు.

"పారబోస్తాను" అంది లావీనియా. "నిండు బొగ్గుబండి కావాలంటే పద్నాలుగు క్యాన్లు పారబొయ్యాలి. మీ ఇష్టం."

ఒటీలియా మొదట చెయ్యెత్తింది. "మాది ఒక క్యాను. గొట్లీబ్ ఓ వారం మొహం కడుక్కోకపోతే వచ్చే నష్టమేం లేదు. ఇప్పుడు మాత్రం కడుగుతున్నాడా?"

ఆ వారం టాంక్రెడ్ తాగే నీళ్లు తగ్గించుకుంది. గురువారం నుంచి ఒక్కో ఇంటి క్యానూ చర్చి మెట్ల మీదికి వచ్చింది. పెట్రోలుకు డబ్బుల్లేక ఇంజను పీకేసి గుర్రాలు కట్టిన కార్లలో కొందరు తెచ్చారు, భుజాన మోసుకుని కొందరు తెచ్చారు. పదమూడు అయ్యాయి. పద్నాలుగోది శుక్రవారం సాయంత్రం మిసెస్ క్రుక్‌షాంక్ తనే తోపుడుబండి మీద తోసుకొచ్చింది. "ఒలకబోసుకోకు" అని మాత్రం అని వెళ్లిపోయింది. లావీనియా చేతులు మోచేతుల దాకా ఉప్పులో నానాయి. పదిహేనేళ్ల తర్వాత రేవులో లాగా కుప్పల కొద్దీ చేపల వాసన మళ్లీ తగిలితే ఏడుపొస్తుందనుకుంది. రాలేదు. పని మీద పట్టున్న మనిషికి ఏడవడానికి తీరికెక్కడిది? నానిన చేపను సన్నని సెగ మీద ఉడికించి, బంగాళాదుంపల మీద పరిచి, ఉల్లిపాయలూ పంది కొవ్వూ దోరగా వేయించి పైన పోసింది. చర్చి నిండా కమ్మని వాసన పరుచుకుంది.

ప్రీమియరు గారి కారు ఊరి పొలిమేరలో ఇసుకమేటలో దిగబడింది. గొట్లీబ్ గుర్రాలే లాక్కొచ్చాయి. ఆయన బక్కపలచని మనిషి, కళ్ల కింద నలుపు. కంచం తిప్పుకుని, మొదటి ముద్దకే తలెత్తాడు. రెండోసారి వడ్డించుకున్నాడు. మూడోసారి కంచం చాపుతూ లావీనియాను అడిగాడు.

"చాలా బాగుందమ్మా. ఇంత చేప ఎక్కడ దొరికింది? మీ చెరువులన్నీ ఎండిపోయాయన్నారే?"

"మీరు పంపిందేనండి. క్రుక్‌షాంక్ గారి కప్పు మీదున్న వాటి తోబుట్టువులే ఇవి."

బల్ల చుట్టూ చెంచాలు ఆగిపోయాయి. ప్రీమియరు చెంచా కింద పెట్టాడు. "ఆ కప్పు సంగతి నా దాకా వచ్చింది. చూడమ్మా, కేంద్రం ఇవ్వదు, బ్యాంకులు ఇవ్వవు. అప్పు కోసం నేను ఎన్ని గుమ్మాలెక్కానో నాకే తెలియదు. అలాంటప్పుడు, ఇచ్చిందాన్ని మేకులేసి కొట్టారని చదివితే నాకెలా ఉంటుంది?"

"బాధగా ఉంటుంది" అంది లావీనియా. "ఆ కాగితం అబద్ధం చెప్పలేదు సార్. కప్పు మీద చేపలున్నాయి. ఎందుకున్నాయని మాత్రం ఆయన అడగలేదు. మీకు కడుపు నింపిన ఈ చేపకు పద్నాలుగు క్యాన్ల నీళ్లయ్యాయి. అవన్నీ పారబోశాం. ఈ వారం మా ఊళ్లో ఒక్కరూ కడుపు నిండా నీళ్లు తాగలేదు, మీకు ఈ ముద్ద పెట్టడం కోసం. మీరు చేపనిచ్చారు, దాన్ని నానబెట్టే నీళ్లు ఇవ్వలేదు. మీ తప్పని అనను. మీకు తెలియదు. తెలిసినదాన్ని నేనూ ఇన్నాళ్లు చెప్పలేదు. ఇప్పుడు చెప్తున్నాను."

ఆయన తన కంచం పక్కకు జరిపాడు. ఆ తర్వాత, "కొంచెం మంచినీళ్లు ఇస్తారా?" అన్నాడు.

మిసెస్ క్రుక్‌షాంక్ స్వయంగా గ్లాసు తెచ్చింది. అడుగున మన్ను, పైన పసుపు రంగు, చేదు కొట్టే నీళ్లు. ఆయన దాన్ని వెలుతురుకు ఎత్తి చూశాడు. ఊరంతా ఆ గ్లాసునే చూస్తోంది. నెమ్మదిగా, మధ్యలో ఆపకుండా, అడుగంటా తాగేశాడు. తాగి మూతి తుడుచుకున్నాడు.

"నీళ్లు పంపుదామంటే, వాటిని మోసే రైలు ట్యాంకులు నా చేతిలో లేవమ్మా. రైల్వే వాళ్లను అడగాలి."

"అడగండి" అంది లావీనియా. "అడగడంలో సిగ్గేముంది? నేను పడ్డ సిగ్గు చాలు మనందరికీ."

మొదట నవ్వింది ఆయనే. ఊరు తర్వాత నవ్వింది.

నవంబరు ఒకటి వచ్చింది, పోయింది. పిండి రాలేదు. రెండో తారీఖు రాలేదు. మూడున మంచు పడింది. నాలుగో రోజు పొద్దున్నే స్టేషను మాస్టరు గంట ఆపకుండా కొట్టాడు. మేమంతా పరుగెత్తాం. బొగ్గు పెట్టె, దాని వెనక పిండి, దాని వెనక చేపలు. చేపల పెట్టెకు తగిలించి, ఇంతవరకూ మా లైను మీద ఎన్నడూ చూడని నల్లని ట్యాంకు ఒకటి. స్టేషను మాస్టరు కుళాయి తిప్పాడు. తెల్లగా, చల్లగా, ధార కట్టి నీళ్లు పడ్డాయి.

జనం బకెట్లతో తోసుకున్నారు. అప్పుడు మిసెస్ క్రుక్‌షాంక్ రెండు చేతులూ చాపి అడ్డం నిలబడి, ఊరంతా దద్దరిల్లేలా అరిచింది.

"ఆగండర్రా! ముందు మన చేపలమ్మి నీళ్లు పట్టుకోవాలి! చేపలమ్మీ! ఎక్కడున్నావే?"

"ఇక్కడున్నాను" అంటూ లావీనియా బకెట్ ఎత్తుకుని ముందుకు నడిచింది. పదిహేనేళ్లలో ఆమె ఆ పేరుకు పలకడం అదే మొదటిసారి.