తవుడు పోసి కొనుక్కున్న పిల్ల

నాకంటే ముందు మా అమ్మకు ఇద్దరు పుట్టి పురిట్లోనే పోయారు. అందుకని నేను పుట్టిన పదకొండో రోజున నన్ను చేటలో పడుకోబెట్టి, దొడ్లోని పెంటకుప్ప మీద వదిలేసి వచ్చింది. వదలడం ఉత్తుత్తిదేలెండి. మా చేలో మిరపకాయలు కోసే ఒకామె గోడ పక్కనే కాచుకుని ఉంది. ఎవరో పారేసిన పిల్ల దొరికినట్టు నన్ను ఎత్తుకుని, మా గుమ్మంలోకి వచ్చి "పిల్ల కావాలా అమ్మా, పిల్ల?" అని అడిగింది. మా అమ్మ సోలెడు తవుడు పోసి నన్ను కొనుక్కుంది. ఎవరికీ అక్కర్లేని పిల్ల చావుకు మాత్రం ఎందుకు, చూసీ చూడనట్టు వదిలేసి పోతుందని మావాళ్ళ నమ్మకం.

ఎత్తుకొచ్చింది కాబట్టి పేరు పెట్టే హక్కు ఆమెదే. ఆ కుప్ప పేరే నాకు పెట్టింది. దాన్ని ఇక్కడ రాయడానికి ఇప్పటికీ నాకు చెయ్యి రావడం లేదు. పల్లెటూళ్ళ సంగతి తెలిసినవాళ్ళకు చెప్పక్కర్లేదు కూడా.

మా వైపు ఆనవాయితీ ప్రకారం ఆమె నాకు రెండో తల్లి. అమ్మా అని పిలవాలి. నా పెళ్ళిలో ఆమెకు చీర పెట్టి కాళ్ళకు దండం పెట్టాలి. పదేళ్ళ దాకా బాగానే పిలిచాను. సత్తెనపల్లి హైస్కూల్లో చేరాక, హాజరు పిలిచినప్పుడల్లా వెనక బెంచీలవాళ్ళు ముక్కులు మూసుకోవడం మొదలుపెట్టారు. ఆ కోపమంతా ఆమె మీదకు తిప్పాను. కొంగున సీమచింతకాయలు కట్టుకొచ్చి బజారు ఆ చివర నుంచి నా పేరు పెట్టి కేకేస్తే, వినపడనట్టు ఇంట్లోకి పోయేదాన్ని. కాయలు మాత్రం తరవాత తినేదాన్ని.

పదో తరగతిలో పరీక్ష ఫారాలు నింపుతూ, పేర్లలో మార్పులుంటే ఇప్పుడే చెప్పండన్నారు. ఇంటికొచ్చి రెండు రోజులు అన్నం మానేశాను. నాన్న గొణుక్కుంటూనే వచ్చి సంతకం పెట్టాడు. వారపత్రిక సీరియల్లో ఒక నాయిక పేరు తీసుకుని తగిలించుకున్నాను. సంగతి తెలిసి ఆమె పకపకా నవ్వింది. "మార్చుకుంటే మార్చుకో అమ్మాయ్. బతికి బట్టకట్టావుగా, ఇంక దాంతో పనేముంది? నాకు మాత్రం ఆ కొత్తదానికి నోరు తిరగదు. పాతదాంతోనే పిలుస్తా," అంది.

ఏరు దాటి తెప్ప తగలేయడమంటే ఏమిటో నన్ను చూసి నేర్చుకోవచ్చు.

రెండు వేల సంవత్సరం దాటాక నాకు పెళ్ళి కుదిరింది. గుంటూరు సంబంధం. వాళ్ళకు నా పాత పేరు తెలియదు, తెలియనివ్వలేదు. సత్తెనపల్లిలో కల్యాణమండపం. పొద్దున పదింటికి ముహూర్తం. అమ్మ ఆమెకు చీర కొని ఉంచింది, రమ్మని కబురు కూడా పంపింది. నేను గేటు వైపు గదిలో కూర్చున్నాను. ఆడపడుచు నాకు జడ వేస్తోంది.

కిటికీలోంచి ఆమె గొంతు వినపడింది. తల తిప్పకుండానే చూశాను. ఆదివారం చర్చికి కట్టుకునే తెల్లచీరలో వచ్చింది. గేటు దగ్గర మగపెళ్ళివారి కుర్రాళ్ళు ఆపారు.

"మా పిల్ల పెళ్ళయ్యా," అంది ఆమె.

"ఏ పిల్ల మామ్మా?"

నా పాత పేరే చెప్పింది, కొత్తది ఆమెకు ఎప్పుడూ గుర్తుండదు. బాగా గట్టిగా చెప్పింది. కుర్రాళ్ళు ఘొల్లున నవ్వారు.

"ఆ పేరు గల పెళ్ళికూతురు ఇక్కడ లేదు. బోర్డు చదువుకో."

ఆమెకు చదువు రాదు. పూలతో రాసిన ఆ అక్షరాల వంక చూసి, "ఈ మండపమనే చెప్పారే," అంది.

"ఊళ్ళో బోలెడు మండపాలు. పోయి ఇంకోటి చూసుకో."

ఆడపడుచు నవ్వుతూ, "అదేం పేరు వదినా, పెళ్ళికూతురికి!" అంది.

నేనూ నవ్వాను. ఆమెను లోపలికి రమ్మనండి అంటే చాలు. ఎందుకు, ఎవరు అని అడుగుతారు, ఆ పేరు నాదేనని బయటపడుతుంది. నోరు విప్పలేదు. ఆమె ఎండలో రోడ్డు దాటి వెళ్ళిపోవడం చూశాను.

తలంబ్రాలయ్యాక అమ్మ చీర పట్టుకుని మండపమంతా వెతికింది. "రాలేదేమే?" అని నన్నే అడిగింది. "ఎండకు రాలేకపోయిందేమో," అన్నాను. అంత అబద్ధం అంత తేలిగ్గా ఎలా వచ్చిందో నాకే తెలియదు.

నెల తిరక్కుండానే సిగ్గు నన్ను తినేయసాగింది. పుట్టింటికి రాగానే ఆ చీర తీసుకుని నేనే ఆమె ఇంటికి వెళ్ళాను. జరిగింది చెప్పేసి కాళ్ళ మీద పడదామనే వెళ్ళాను. ఆమె వాకిట్లో మిరపకాయల తొడిమలు తీస్తోంది. నన్ను చూసి గాభరాగా లేచి, చేతులు కొంగుకు తుడుచుకుంది.

"ఏమనుకోమాకమ్మా. నీ పెళ్ళికి వచ్చా. ముసలిదాన్ని గదా, తప్పి ఎవరి మండపానికో పోయా. వాళ్ళు పొమ్మన్నాక ఇంకా రెండు చోట్ల అడిగా. కళ్ళు తిరిగితే బస్సెక్కి వచ్చేశా. తప్పు నాదే తల్లీ, నీకు కోపంగా ఉందేమో."

చీర ఆమె చేతిలో పెట్టాను.

"పోనీలే, పర్వాలేదు," అన్నాను.

ఆమె మొహం తేటపడింది. నేను క్షమించానని ఎంత సంబరపడిందో.