అక్క చేసిన అక్షరాల ఆట

ఐటీ మంచి ఊపు మీదున్న రోజుల్లో మా అక్క సింగపూర్ వచ్చింది. అక్కడ వన్-నార్త్ అనే పేటలో ఓ కంపెనీలో పిల్లల పాఠాలకి కదిలే బొమ్మలు చేసేది, అన్నీ ఫ్లాష్ అనే సాఫ్ట్‌వేర్‌లోనే. కూతురు పుట్టాక సెలవులో ఉన్నప్పుడు దానికోసం తెలుగు అక్షరాల ఆటొకటి చేసి, తన గొంతే పెట్టింది. పిల్లకి రెండేళ్ళు నిండకుండానే అక్క పోయింది. దాన్ని చూసుకోవడానికి నేనూ సింగపూర్‌కి, పాసిర్ రిస్‌లో బావ వాళ్ళ ఫ్లాట్‌కే వచ్చేశాను.

పోయినేడు పిల్ల అడిగింది, "అమ్మ వాయిస్ ఎలా ఉండేది పిన్నీ?" అని. నా ప్రాణం ఉసూరుమంది. పెళ్ళి వీడియోలో సన్నాయి మోత తప్ప ఏం వినపడదు. ఫోనులోవి ఫోనుతోనే పోయాయి. మిగిలింది ఆ ఆటొక్కటే. ఫ్లాష్‌నేమో ఆపేశారు, ఏ బ్రౌజరూ దాన్ని తెరవదు.

బావ కంగారు మనిషి. ఎవడి సైటులోంచో ఫ్లాష్ అని చెప్పి ఏదో దించాడు. తెరంతా లాటరీ ప్రకటనలు! ఇంకా నయం, ఆట ఉన్న పెన్‌డ్రైవ్ గుచ్చలేదు.

"బుద్ధుందా బావా? ఉన్నదొక్క ఫైలు! అది కాస్తా పోతే?" అని నోటికొచ్చినట్టు తిట్టాను. ఆయన కళ్ళు తుడుచుకుంటుంటే నాకూ ఏడుపాగలేదు.

ఆదివారం నేనే కూర్చున్నాను. వేరే కంప్యూటర్లో ఫైలుకి ముందు కాపీలు తీశాను. ఫ్లాష్ లేకుండానే ఆ పాత ఫైళ్ళని ఆడించే ప్రోగ్రాం ఒకటుంది. దాన్ని తయారుచేసినవాళ్ళ సొంత సైటు నుంచే దించి, ఖాళీ చేసిన పాత లాప్‌టాప్‌లోకి ఎక్కించి, వైఫై ఆపేసి అప్పుడు తెరిచాను.

ఆట వచ్చింది. తెర మీద బొమ్మ చూపించి అడిగిన అక్షరమల్లా పిల్ల సరిగ్గా నొక్కింది. నొక్కినప్పుడల్లా గంట మోగి, ఇంకో అక్షరం వచ్చేది. అంతే. అక్క గొంతు లేదు. "పాడైపోయిందా?" అన్నాడు బావ, మొహం పాలిపోయి.

ఇంతలో పిల్ల 'మ' అనుకుని 'య' నొక్కింది.

"కాదు తల్లీ, మళ్ళీ చూడు. తొందరేం లేదు."

అక్కే! బావ లేచి వంటింట్లోకి వెళ్ళిపోయాడు. నేను గోడకి ఆనుకుని భోరుమన్నాను. పిల్ల మాత్రం ఏడవలేదు. మళ్ళీ 'య'నే నొక్కింది. మళ్ళీ అదే. మళ్ళీ.

ఎన్ని వారాలు కూర్చోబెట్టి నేర్పించానో! ఆ ఏడుపులోనే నాకు చిరాకొచ్చింది. "అది కాదే, పక్కనున్నది 'మ'," అన్నాను.

"ఐ నో లా, పిన్నీ," అంది ఇక్కడి పిల్లల యాసలో, తెర మీంచి చూపు తిప్పకుండా. "కరెక్ట్ కొడితే అమ్మ మాట్లాడట్లేదు."