నాయనమ్మ కోడికూర... డైరెక్టరు గారి ఉత్త కుండ

మా చిన్నప్పుడు... ఒక తెల్లాయన కెమెరాలతో మా ఇంటికి వచ్చాడు. లండన్‌లో పెద్ద డైరెక్టరట. అంత దూరం నుంచి వచ్చిన చుట్టమని నాయనమ్మ పెంచుకున్న కోడినే కోసింది. జొన్నరొట్టెలు చేసింది. వాకిలంతా కూర వాసన...

ఆయన కూర కుండ దింపించాడు. ఉత్త కుండ పొయ్యి మీద పెట్టుకుని, అందులోకి చూస్తూ కూర్చోమన్నాడు నాయనమ్మను. ఆ మాటను ఆయన వెంట వచ్చిన పట్నం సారు తెలుగులో చెప్పాడు.

"పొయ్యి మీద ఉత్త కుండ పెడితే ఇంట్ల లచ్చిమి నిలుస్తదా సారూ?" అంది నాయనమ్మ.

"జరసేపే అవ్వా. కూర గూడ కెమెరాల తీస్తడట."

"ఇంటికొచ్చినోడు నోరు తెరిచి అడిగిండు... సరే తియ్యి."

తర్వాత అందరూ అరుగు మీద కూర్చుని ఆ కూర తిన్నారు. ఆయన వేళ్ళు కూడా నాకాడు. పక్కనే కెమెరా ఉంది కదా, అదీ తీశాడనుకున్నాం. నాయనమ్మ పోయేదాకా ఊరంతా చెప్పుకుంది... "నా కోడికూర లండన్ల సూస్తుండ్రే!"

పెళ్ళయి నేను ఇంగ్లండులోని లీసెస్టర్ వచ్చాను. మొన్న మా ఫ్లాట్ దగ్గరి హాల్లో ఆయనకే సన్మానం. మా ఊళ్ళో తీసిన సినిమా వేస్తారంటే మా ఆయన్ని బతిమాలి వెళ్ళాను. నాయనమ్మ కూరను తెర మీద చూడాలని...

ముందు డైరెక్టరు గారి గొప్పలు చెప్పారు. దయ్యాల సినిమాలట, యుద్ధాలవట, రాజుల కథలట, నవ్వించేవట, చివరికి సబ్బు ప్రకటనలు కూడానట. ఆయనకు రాని విద్యే లేదట. తిన్నింటి వాసాలు లెక్కపెట్టే విద్య సంగతి మాత్రం ఎవరూ ఎత్తలేదు.

తర్వాత తెర మీద మా నాయనమ్మ... ముందు ఉత్త కుండ. వెనక ఆయన గొంతు, ఎంత జాలో! "ఈ ఇంట్ల తిండి గింజ లేదంటుండు," అని మా ఆయన నా చెవిలో చెప్పారు. కూర లేదు, రొట్టె లేదు. జనం మాత్రం కళ్ళు తుడుచుకుంటున్నారు.

నేను నలుగురిలో నోరు విప్పను. డాక్టరు దగ్గర కూడా మా ఆయనే మాట్లాడాలి. అయినా, ప్రశ్నలుంటే అడగమన్నప్పుడు చెయ్యెత్తాను. మైకు మా ఆయన చేతిలో పెట్టాను.

"ఆ దినం ఆ అవ్వ పెట్టిన కోడికూర ఎట్లుండెనో అడుగుండ్రి."

"ఇప్పుడెందుకే, ఊకో..."

"అడుగుండ్రి."

అడిగారు. డైరెక్టరు గారి ముఖం వెలిగిపోయింది. అంత రుచైన కూర మళ్ళీ ఎక్కడా తినలేదట, అడిగి మరీ వేయించుకున్నాడట! అనేశాక గానీ ఏం అన్నాడో ఆయనకు తెలియలేదు. ముందు వరసలో ఒక ముసలావిడ కళ్ళు తుడుచుకుంటున్న టిష్యూని మడిచి బ్యాగులో పెట్టేసుకుంది. ఆయన నీళ్ళ గ్లాసు కోసం తడుముకున్నాడు.

నాయనమ్మా... నీ కోడికూర సంగతి ఈ దేశం విన్నది.

అప్పట్లో ముందు అన్నం పెట్టి, తర్వాత ఏ ఊరని అడిగేవాళ్ళం. ఇప్పుడు గడప దాటకముందే ఫోను తీసి ఫోటో కొడుతున్నారు... మీ ఇంట్లో కడుపు నిండా తిని, బయటికెళ్ళి మీ మీదే జాలి పడ్డ గొప్పోళ్ళు ఎవరైనా ఉన్నారా? చెప్పండి, అందరం విందాం.