సుగుణక్క తెల్లగోడలు

ఈ ఉదయం లిఫ్టు తలుపు తెరుచుకోగానే తడి రంగు వాసన గుప్పుమంది. కింద గదిలో గోడలకు తెల్లరంగు వేస్తున్నారు. నాకు ఆ వాసన పడదు. తుమ్ముల మీద తుమ్ములు. అయినా ముక్కు మూసుకోలేదు. ఆ వాసన తగిలితే చాలు, కొంగు నడుముకు దోపి, మోచేతుల దాకా రంగు పూసుకుని, "జర ఆ బ్రష్ అందియ్యి పిల్లా" అనే సుగుణక్క కళ్లముందు నిలబడుతుంది. యాభై దగ్గరపడుతున్న నన్ను పిల్లా అని పిలిచింది ఆవిడొక్కతే. ఇంకెవరైనా పిలిచి ఉంటే బతికి బట్టకట్టేవారు కాదు.

హైదరాబాద్ కొత్తగూడ ఫ్లైఓవర్ పక్క సందులో మా అపార్టుమెంటు. కింద పార్కింగును ఆనుకుని ఒక పొడవాటి గది ఉండేది. కమ్యూనిటీ హాలని పేరు. లోపల కాలు విరిగిన టేబుల్ టెన్నిస్ బల్ల, గుట్టగా ఖాళీ అట్టపెట్టెలు. సర్కారు బడిలో డ్రాయింగు టీచరుగా రిటైరై మా మొదటి అంతస్తులో దిగిన సుగుణక్క, అసోసియేషన్ వాళ్లను అడిగి ఆ గది తీసుకుంది. శుభ్రం చేయించి, సున్నంలా తెల్లగా రంగు వేయించి, తలుపు మీద "గోడ" అని రాయించింది. అదే గ్యాలరీ పేరు. చుట్టూ అద్దాల మేడలు లేస్తున్నాయి కదా, ఒక్క గోడైనా ఉండాలి అనేది.

నేను మొదటిసారి ఆ గదిలోకి వెళ్లింది బొమ్మలు చూడడానికి కాదు, పోట్లాడడానికి. ఐటీ కంపెనీలో జీతాల విభాగం నాది. వారమంతా జనం విసుగు భరించి, ఆదివారం మధ్యాహ్నం నడుం వాలిస్తే కింద నుంచి ఠకఠకా మేకుల మోత. విసవిసా దిగి వెళ్లాను.

"ఏవండీ, మనుషులు నిద్రపోవద్దా?"

సుగుణక్క స్టూలు మీంచే తిరిగి చూసింది. "మంచిగ అచ్చినవ్. ఈ దారం కొస పట్టుకో. బొమ్మ వంకరుంటే నాకు నిద్ర పట్టది."

తిట్టడానికి వెళ్లినదాన్ని దారం పట్టుకుని నిలబడ్డాను. ఎదురుగా ఒక పెద్ద నీలం బొమ్మ. పక్కన పేరూ ఊరూ ఏమీ లేవు.

"దీని పేరేంటి?"

"పేరెందుకు? ఏం కనబడ్తుందో చెప్పు ముందు."

"ఏముంది కనబడ్డానికి? నీలం రంగు ఒలికిపోయింది."

"పైకెల్లి ఒలికిందా, పక్కకెల్లి ఒలికిందా?"

ఒలకడానికి పైనా పక్కా ఏమిటని విసుక్కుంటూనే చూశాను. పై నుంచి కాదు. కింద నుంచి పైకి పాకుతోంది. కాదు, అది రంగే కాదు, రెండు మేడల మధ్య మిగిలిన ఆకాశం అన్నాను. ఆవిడ ఒప్పుకోలేదు. నేను ఊరుకోలేదు. పొద్దుగూకేదాకా వాదించుకున్నాం. చివరికి ఆవిడ చేతులు దులుపుకుంటూ, "నా గ్యాలరీకి కండ్లున్నయ్ గని నోరు లేదు. నీ నోరు మస్తుగున్నది. వచ్చే ఐతారం సుత రా" అంది. పుట్టి బుద్ధెరిగాక నా నోటికి దక్కిన మొదటి మెప్పు అదే. మా అమ్మ ఇప్పటికీ ఒప్పుకోదు.

ఆ గదికి సుగుణక్క పెట్టిన పద్ధతులు మరెక్కడా చూడలేదు. ప్రదర్శన ఆఖరి రోజుదాకా బొమ్మల పక్కన పేర్ల చీటీలు ఉండవు. "పేరు చదివినంక ఇగ ఎవడు బొమ్మ చూస్తడు?" అనేది. ఆదివారాలు ప్లాస్టిక్ కుర్చీలు వేసి వాదనలు. మెడలో ఐడీ కార్డులతో ఆఫీసు పిల్లలు వచ్చేవారు, వాళ్ల మీదికి నన్ను వదిలేది. ఒక నెల బాలానగర్ వర్క్‌షాపుల రేకుముక్కలతో చేసిన పక్షులు, ఒక నెల నీటి రంగులు. ఒక్కో ప్రదర్శన అయ్యాక మేకు గుంతలు పూడ్చి, తెల్లరంగు వేసి, వారం పాటు గోడలు ఖాళీగా ఉంచేది. తలుపు మాత్రం తెరిచే ఉండేది. "గోడ జర ఊపిరి తీస్కోవాలె."

ఈ ఖాళీ వారమే మా అసోసియేషన్ అధ్యక్షుడు ప్రసాదరావుగారికి కొరుకుడు పడలేదు. గోదావరి జిల్లా మనిషి, రిటైరైన ఇంజినీరు, మర్యాద దాటి ఒక్క మాట అనరు. "ఖాళీ గోడలు చూడ్డానికి గది దేనికండీ? మా ఇళ్లల్లో లేవా? జిమ్ పెడితే పదిమందికి ఆరోగ్యం" అన్నారు. సగం మంది తలలూపారు. వచ్చే ఆదివారం సాయంత్రం మీటింగులో తేల్చేద్దామన్నారు. సుగుణక్క ఆ వారమంతా నవ్వింది గానీ, గోడను అరచేత్తో తడుముతూ నిలబడడం నేను చూశాను.

అప్పుడు గదిలో రోహిణి అనే అమ్మాయి ప్రదర్శన. అద్దాల మేడలు కట్టిన కూలీలు వాడి వదిలేసిన చెప్పులు సేకరించి, గడప దగ్గర నుంచి లోపలి గోడదాకా బారుగా పేర్చింది. మీటింగు నాటి మధ్యాహ్నం మా అపార్టుమెంటు వాళ్లు తండోపతండాలుగా వచ్చారు. గది పోతుందంటే చూడబుద్ధేసినట్టుంది. వచ్చినవాళ్లు వచ్చినట్టే, గడప దగ్గర చెప్పులు కనబడేసరికి, తమవీ అక్కడే విడిచి లోపలికి నడిచారు.

"మేడం, ఇది చెప్పుల స్టాండ్ కాదు!" రోహిణికి ఏడుపొక్కటే తక్కువ.

సుగుణక్క కడుపు పట్టుకుని నవ్వింది. "పరేషాన్ గాకు బిడ్డా. గా అద్దాల ఆఫీసులల్ల ఎవలన్న చెప్పులు విడుస్తరా? ఈడ విడిచిన్రంటే ఇల్లనుకున్నరు. గింతకంటే ఏం గావాలె నీకు?"

నా పని నేను మొదలుపెట్టాను. జనాన్ని పోగేసి, ఒక గోధుమరంగు జత చూపించాను. "చూడండి, ఎడమ మడమ అరిగిపోయింది. కుడిది బాగానే ఉంది. ఈ మనిషి బరువంతా ఒక కాలి మీదే మోశాడు. పట్టీకి రంగురంగుల దారాలతో కుట్లు. తెగినప్పుడల్లా ఎవరో ఓపిగ్గా కుట్టారు. వీటిని పారేయడానికి వాళ్లకు మనసు రాలేదు."

అందరూ వంగి ఆ కుట్లు చూస్తున్నారు. వెనక నుంచి ఒక గొంతు, "అవి నావండీ."

ప్రసాదరావుగారు. చేతిలో టేపు. జిమ్ కోసం గది కొలవడానికి వచ్చి, చెప్పులు విడిచి, లోపల మూలన కొలుస్తున్నారట.

నేల చీలితే బాగుండుననిపించింది. ఆయన మాత్రం ఆ చెప్పుల దగ్గర గొంతుక్కూర్చుని వాటినే చూస్తున్నారు. "ఎడమకాలని భలే కనిపెట్టేశారే! సైట్లో పనిచేసే రోజుల్లో కుడి మోకాలికి దెబ్బ తగిలిందండీ. ఈ కుట్లు మా ఆవిడ వేసింది. కొత్తవి కొందామంటే వినదు, ఇవే మీ నడకకు అలవాటయ్యాయి అంటుంది." తర్వాత కుర్చీ లాక్కుని, తను కట్టించిన మేడల గురించి చెప్పడం మొదలుపెట్టారు. టేపు ఒళ్లోనే ఉండిపోయింది.

వెళ్లేటప్పుడు చెప్పులు తొడుక్కోలేదు. "ఇక్కడే ఉండనివ్వమ్మా, పర్లేదా?" అని రోహిణిని అడిగి, వట్టి కాళ్లతో లిఫ్టెక్కారు. సాయంత్రం మీటింగుకూ అలాగే వచ్చారు. జిమ్ మాట ఎవరో ఎత్తబోతే, "ఆగండి, ఆగండి. నా చెప్పులు అక్కడున్నాయి" అన్నారు. అదేం వాదనో నాకు ఈనాటికీ అర్థం కాలేదు. వాదనల్లో నన్ను మించినవారు లేరనుకునేదాన్ని. ఆ ఒక్క మాటతో గది మాకు మిగిలింది. ఆఖరి రోజు చీటీలు పెట్టినప్పుడు ఆ జత పక్కన రోహిణి రాసింది: "ప్రసాదరావు, నాలుగో అంతస్తు. కుట్లు: ఆయన భార్య." దంపతులిద్దరూ ఫోటో దిగారు.

సుగుణక్క ఇప్పుడు ప్రగతి నగర్‌లో చెల్లెలి ఇంట్లో ఉంటోంది. గది తాళం నాకిచ్చి వెళ్లింది. పొద్దున్నే ఫోను: "గుంతలు పూడ్సినవా? గోడకు ఊపిరాడనిస్తున్నవా, లేక నువ్వే మాట్లాడుతున్నవా?"

ఇవాళ గది ఖాళీ. రంగు ఇంకా ఆరలేదు. ప్రసాదరావుగారు గడప దగ్గర చెప్పులు విడిచి లోపలికొచ్చి, చేతులు వెనక్కి కట్టుకుని, ఏమీ లేని గోడ ముందు చాలాసేపు నిలబడ్డారు.

"ఉషగారూ, ఈ మూల గుంత సరిగ్గా పూడలేదండీ."

పొద్దుట్నుంచి చాకిరీ చేసినదాన్ని. నాలుక చివరిదాకా వచ్చింది సమాధానం, మంచి పదునైనదే. ఇదివరకైతే అనేసి, ఆ తర్వాత చూసేదాన్ని, చూస్తే. మాట మింగి, వంగి, ఆయన వేలు చూపిన చోట వెలుతురు పక్కనుంచి పడేలా తల వంచి చూశాను.

నిజమే. గుంత ఉంది.

"మీకు కళ్లున్నాయిలెండి" అని, పుట్టీ డబ్బా మూత తీశాను.