ఆ ఫైలును చెరపనివ్వలేదు

వన్ టౌన్‌లో ఒక ఇరుకు సందు, అందులో మేడమెట్ల కింద మా డీటీపీ షాపు. రెండువేల సంవత్సరం దాటిన తొలి రోజులవి. మల్కాపురం నుంచి బస్సులో వచ్చి షట్టర్ ఎత్తడం, కంప్యూటర్‌లో పెళ్లికార్డులూ కరపత్రాలూ తెలుగులో కొట్టడం నా పని. యజమాని పెద్దాయన. తండ్రి కాలం నుంచీ అచ్చు పనే. అందరూ ఆయన్ని భాయ్ అనేవారు, నేనూ అలాగే పిలిచేదాన్ని. సీసం అక్షరాలను చీకట్లో కూడా తడిమి పోల్చుకోగల మనిషికి కంప్యూటర్ దగ్గరికి రావాలంటే మాత్రం జంకు.

ఒక వానాకాలంలో ఆ కంప్యూటర్ మొరాయించడం మొదలుపెట్టింది. పని మధ్యలో తెర బిగుసుకుపోయేది. భాయ్ రిపేరుకి ఒక ఇంజినీర్ని పిలిపించాడు. దువ్వాడలో ఉండే కుర్రాడు, నాకంటే చిన్నవాడే. నడుస్తున్న ప్రోగ్రాముల జాబితా తెరిచి చూస్తూ ఒకచోట ఆగాడు. అర్థంపర్థం లేని పొట్టి పేరు. ఎవరు తయారు చేశారో ఎక్కడా లేదు.

"ఇదేంటి మేడమ్? గేమ్స్ ఏవైనా ఎక్కించారా?"

"నానేటీ ఎక్కించలేదండి."

"అయితే వైరసే. మొత్తం చెరిపేసి మళ్లీ కొత్తగా ఎక్కించేస్తాను."

ఆ గేమ్స్ మాట నాకు చురుక్కుమంది. పొద్దుట్నుంచీ ఆ కుర్చీలో నడుం పడిపోయేలా కూర్చునేదాన్ని నేను. పైగా అచ్చుకు పోవలసిన పెళ్లికార్డులన్నీ అందులోనే ఉన్నాయి. కీబోర్డు నా వైపు లాక్కున్నాను.

"అదేటో తేలేదాకా ఎవరూ దేన్నీ సెరపడానికి లేదు."

భాయ్ కంగారుపడ్డాడు. "అరె, ఏటమ్మా! ఇంజినీర్ గారు సెప్తన్నారు కదా."

"ఆయనకీ తెలీదు, నాకూ తెలీదు భాయ్. తెలీనిదాన్నల్లా వైరస్ అనేత్తే ఎలాగ?"

కుర్రాడి మొహం ఎర్రబడింది. "సరే, మీరే తేల్చండి. సాయంత్రం వస్తాను" అని వెళ్లిపోయాడు.

అనేశాను గానీ ఎలా తేల్చాలో నాకేం తెలుసు? ముందు ఇంటర్నెట్ తీగ పీకేశాను. ఆ పొట్టి పేరున్న ఫైలును తెరవకుండా ఒక ఫ్లాపీలోకి కాపీ చేసి నెట్ సెంటర్‌కి పట్టుకెళ్లాను. అక్కడి యాంటీవైరస్‌తో పరీక్ష చేయించాను. ఏమీ లేదంది. ఆ ఫ్లాపీని మళ్లీ మా మెషిన్‌లో పెట్టడం మంచిది కాదని అక్కడే పారేసి, గెలిచినట్టే తిరిగొచ్చాను.

సాయంత్రం అతను వచ్చి తల అడ్డంగా ఊపాడు. "పట్టుకోలేదంటే మంచిదని కాదు మేడమ్. కొత్త వైరస్ అయితే దానికీ తెలీదు."

అది నిజం. అయినా నా పంతం ఇంకా పెరిగింది.

"అయితే అదేం పని సేత్తందో సూద్దాం. సెరపకండి, పేరొక్కటీ మార్చండి."

పేరు మార్చి కంప్యూటర్ మళ్లీ ఆన్ చేశాడు. నేను పెళ్లికార్డు తెరిచి 'చిరంజీవి' అని కొట్టాను. తెర మీద ఇంగ్లీషు అక్షరాలు గజిబిజిగా పడ్డాయి. పాత పేరు పెట్టి, కంప్యూటర్ మరోసారి ఆన్ చేసి మళ్లీ కొట్టాను. చిరంజీవి చక్కగా వచ్చి కూర్చున్నాడు. మేం నొక్కే మీటలను తెలుగుగా మార్చే ప్రోగ్రాం అది! ఎక్కడో ఒక తెలుగువాడు ఒంటరిగా తయారుచేసుకుంటే, పెద్ద కంపెనీ పేరు దాని మీద ఎక్కణ్ణుంచి వస్తుంది?

ఇంజినీర్ ముందుకు వంగాడు. ఇప్పుడతని గొంతులో వెటకారం లేదు. "వైరస్ ఇలాంటి మంచి ఫైలుకే అంటుకుని ఉండొచ్చు మేడమ్. దీన్ని మొదట ఎక్కించిన అసలు ఫ్లాపీ ఉందా?"

భాయ్ ఇనప బీరువా తీసి, ప్లాస్టిక్ కవరులో దాచిన ఫ్లాపీ ఇచ్చాడు. దాని మీద ఇంకేదీ రాయడానికి వీల్లేకుండా మూలనున్న మీట జరిపి ఉందో లేదో కుర్రాడు చూసుకున్నాడు. తర్వాత అందులోని ఫైలునూ మా మెషిన్‌లోని దాన్నీ మొదట్నుంచి చివరిదాకా పోల్చమని కంప్యూటర్‌కి చెప్పాడు. డ్రైవ్ గరగరలాడుతుంటే ముగ్గురం తెరనే చూస్తూ నిలబడ్డాం. తేడా ఏమీ లేదని వచ్చింది.

"మీదే రైటు" అన్నాడు అతను. ఆ తర్వాత కంప్యూటర్ డబ్బా విప్పితే, సందులో ఎగిరే నల్లదుమ్ము లోపలి ఫ్యాన్‌కి ముద్దగా పట్టుకుని ఉంది. తెర బిగుసుకుపోవడానికి కారణం అదే. బ్రష్షుతో దులిపి, ఫ్యాన్ తిరిగాక టీ తాగి వెళ్లాడు.

తర్వాత మా షాపులోనూ యాంటీవైరస్ పెట్టించాం. అది రోజూ పొద్దున్నే తెర మీద ఒక ప్రశ్న చూపించేది: ఈ ప్రోగ్రాం ఎవరిదో తెలియదు, తీసేయనా? బీరువాలోని ఫ్లాపీతో మరోసారి పోల్చుకుని, వద్దు అని నొక్కేదాన్ని. ఆ గోల భరించలేక భాయ్ ఒకసారి, "అవునని కొట్టీ అమ్మా, పీడా పోద్ది" అన్నాడు.

"కొట్టేత్తాను. రేపట్నుంచి పెళ్లికార్డులు మీరు సీసంతో పేర్చుకోండి మరి" అన్నాను.

భాయ్ పగలబడి నవ్వాడు. నేను నవ్వలేదు. వద్దు అనే నొక్కి, ఆ రోజు కార్డులు కొట్టడం మొదలుపెట్టాను.